కొత్వాల్ నుంచి కమిషనర్ దాకా

మా చక్రాయపేట వైపు పోలీసు లెక్క సులువు. మండలానికో ఎస్సై, పైన సీఐ, డీఎస్పీ, కడపలో ఎస్పీ. ఉద్యోగానికి హైదరాబాద్ వచ్చాక ఆ లెక్క కుదరలేదు. ఇక్కడ స్టేషన్‌కు పెద్ద ఇన్‌స్పెక్టర్. ఆపైన ఏసీపీ, డీసీపీ, అందరికీ పైన కమిషనర్.

నిజాం కాలంలో నగర పోలీసు పెద్దను కొత్వాల్ అనేవాళ్లు. 1920లో ఆ కుర్చీ ఎక్కిన రాజా బహదూర్ వెంకట్రామారెడ్డి పేరు ఇప్పటికీ చెప్పుకుంటారు. 1348 ఫస్లీ నాటి నగర పోలీసు చట్టం పేరు నేటికీ ఉత్తర్వుల్లో కనిపిస్తుంది. జిల్లాల్లో నిషేధాజ్ఞలు కలెక్టరో, రెవెన్యూ అధికారులో ఇస్తారు. ఇక్కడ కమిషనరే ఇస్తాడు.

ఐటీ పెరిగాక సైబరాబాద్ కమిషనరేట్ వచ్చింది. 2016లో దాన్నుంచి రాచకొండ విడిపోయింది. ఊరు ఒకటే, కానీ రోడ్డు దాటితే పరిధి మారిపోవచ్చు. బస్సులో ఫోన్ కొట్టేస్తే మా రూమ్మేట్‌ను 'ఇది మా పరిధి కాదు' అంటూ రెండు స్టేషన్లు తిప్పారు.

అలా తిరగక్కర్లేదు. 2024 జూలై 1న అమల్లోకొచ్చిన భారతీయ నాగరిక్ సురక్షా సంహిత 173వ సెక్షన్ ప్రకారం, పోలీసులు నేరుగా కేసు కట్టదగ్గ నేరమైతే, అది ఎక్కడ జరిగినా ఏ స్టేషన్‌లోనైనా ఫిర్యాదు ఇవ్వచ్చు. అదే జీరో ఎఫ్ఐఆర్. కాపీ ఉచితం, అడిగి తీసుకోండి. ఆన్‌లైన్‌లో డబ్బు పోతే మాత్రం ముందు 1930కి ఫోన్ చేయండి. ఎంత తొందరగా చేస్తే, ఆ డబ్బు చేతులు మారకముందే ఆపే అవకాశం అంత ఎక్కువ.