తెలివి తీసేస్తే మిగిలే మనిషి

టీవీలో వచ్చే నేర పరిశోధన కథల్లో ఒక పాత్ర మళ్లీ మళ్లీ కనిపిస్తుంది. ఆ మనిషికి తెలివి అపారం. ఎవరికీ దొరకని ఆనవాలు ఆ కంటికి దొరుకుతుంది. కానీ ఎవరైనా పలకరిస్తే సరిగ్గా బదులివ్వడం రాదు, పదిమంది నవ్వే మాటకు నవ్వడం రాదు, ఏడుస్తున్నవారి పక్కన ఎలా కూర్చోవాలో తెలియదు. 1887లో ఆర్థర్ కానన్ డాయిల్ సృష్టించిన షెర్లాక్ హోమ్స్ ఈ కుటుంబానికి పెద్దవాడు అనుకోవచ్చు. 2002 నుండి 2009 వరకు అమెరికాలో ప్రసారమైన సీరియల్‌లో ఏడ్రియన్ మంక్, 2011లో మొదలైన స్వీడన్, డెన్మార్క్ దేశాల సీరియల్ 'ది బ్రిడ్జ్'లో సాగా నోరెన్ ఆ కోవలోనివారే.

ఈ వారం మేము వారిలో ఒకరి గురించి రాస్తున్నాము. ఆమె డాక్టర్ టెంపరెన్స్ బ్రెన్నన్. 'బోన్స్' అనే సీరియల్‌లో ప్రధాన పాత్ర. ఇంగ్లిష్ సీరియళ్లు చూసే మన యవ్వనస్థుల్లో కొందరికి ఈమె పరిచయమే. సంఘానికి టీవీ సీరియల్‌తో పనేమిటని పెద్దలు అడగవచ్చు. ఆ కథ అడిగిన ఒక ప్రశ్న మన సంఘాల్లోని కొన్ని కుటుంబాల గుండెల్లోనూ ఉంది. అందుకే ఈ మాటలు.

ఎముకలు చెప్పే సాక్ష్యం

'బోన్స్' 2005 సెప్టెంబరులో అమెరికాలోని ఫాక్స్ ఛానల్‌లో మొదలై 2017 మార్చిలో ముగిసింది. పన్నెండు సీజన్లు, 246 ఎపిసోడ్లు. బ్రెన్నన్‌గా ఎమిలీ డెషనెల్, ఆమెతో కలిసి పనిచేసే ఎఫ్‌బీఐ అధికారి సీలీ బూత్‌గా డేవిడ్ బోరియానజ్ నటించారు. కుళ్లిపోయి, కాలిపోయి, ముఖం గుర్తుపట్టలేని స్థితిలో దొరికిన మృతదేహాలను ఎముకలను బట్టి గుర్తించడం బ్రెన్నన్ పని. బూత్ ఆమెను 'బోన్స్', అంటే 'ఎముకలు' అని పిలుస్తాడు. సీరియల్ పేరు అదే.

ఈ కథకు నిజ జీవితపు ఆధారం ఉంది. క్యాథీ రైక్స్ అనే ఫోరెన్సిక్ ఆంత్రోపాలజిస్టు 1997 నుండి రాస్తున్న నవలల్లోని నాయిక పేరే టెంపరెన్స్ బ్రెన్నన్. రైక్స్ రచయిత్రి మాత్రమే కాదు. 2001 సెప్టెంబరు 11 దాడుల తరువాత న్యూయార్క్ శిథిలాల్లో మృతుల అవశేషాలను గుర్తించే పనిలో పాల్గొన్నారు. గ్వాటెమాలాలో సామూహిక సమాధిని తవ్వి మృతుల అవశేషాలను వెలికితీసే పనిలో సహాయపడ్డారు. రువాండా మారణహోమంపై ఐక్యరాజ్యసమితి న్యాయస్థానంలో సాక్ష్యమిచ్చారు.

ఎముక ఏమి చెబుతుంది? ఎదిగిన మనిషి శరీరంలో 206 ఎముకలు ఉంటాయి. పుట్టిన బిడ్డలో ఇంకా ఎక్కువ ముక్కలు ఉండి, ఎదిగేకొద్దీ ఒకదానితో ఒకటి అతుక్కుంటాయి. ఏది అతుక్కుంది, ఏది అతుక్కోలేదు అన్నదాన్ని బట్టి వయసు అంచనా వేస్తారు. మెడ కింద ఉండే కాలర్ బోన్ లోపలి కొస అన్నిటికంటే ఆలస్యంగా, ఇరవైలు దాటుతుండగా పూర్తిగా అతుక్కుంటుంది. తుంటి ఎముకల ఆకారాన్ని బట్టి స్త్రీయా పురుషుడా అని, తొడ ఎముక పొడవును బట్టి ఎత్తు ఎంతో చెబుతారు. విరిగిన చోట ఎముక మానడం మొదలైతే, ఆ దెబ్బ తగిలాక ఆ మనిషి కొంతకాలం బ్రతికాడని అర్థం. టీవీలో ఇదంతా గంట లోపల తేలిపోతుంది. నిజమైన ప్రయోగశాలలో వారాలు, నెలలు పడుతుంది. జవాబు కూడా ఒక్క అంకెగా రాదు, ఇంత నుండి ఇంత వరకు అని వస్తుంది.

బైబిలు చదివే మనకు ఈ పని పరాయిది కాదు. తన కుమారుల శవాలను పక్షులు, మృగాలు తాకకుండా పగలూ రాత్రీ కావలి కాసిన రిస్పా మనకు తెలుసు. ఆమె చేసినది విని దావీదు సౌలు ఎముకలను, యోనాతాను ఎముకలను తెప్పించి గౌరవంగా పాతిపెట్టించాడు. రెండవ సమూయేలు 21వ అధ్యాయంలో ఆ సంగతి ఉంది. పేరు తెలియని ఎముకకు పేరు తిరిగి ఇచ్చే పనిని బ్రెన్నన్ కూడా అంతే పట్టుదలగా చేస్తుంది. ఆమె నాస్తికురాలు. బూత్ కాథలిక్కు విశ్వాసి. పన్నెండేళ్లు వారి మధ్య విశ్వాసం గురించి వాదన నడుస్తూనే ఉంది. అయినా మరణించినవారిని చెత్తలా చూడకూడదన్న విషయంలో ఇద్దరిదీ ఒకే మాట.

మాట తెలుసు, మర్మం తెలియదు

ఇంత తెలిసిన బ్రెన్నన్‌కు మనుషుల మధ్య మసలడం కష్టం. ఎవరైనా సినిమా గురించో పాట గురించో ప్రస్తావిస్తే, తనకు అది తెలియదని ముఖం మీదే చెప్పేస్తుంది. వెటకారాన్ని నిజమనుకుంటుంది. బిడ్డను పోగొట్టుకున్న తల్లి ముందు కూడా మరణం ఎలా జరిగిందో పాఠం చెప్పినట్టు చెబుతుంది. తన తెలివి గురించి తానే చెప్పుకుంటుంది. అది గొప్పలు పోవడం కాదు, ఎత్తు ఎంతో చెప్పినంత మామూలుగా చెబుతుంది.

సీరియల్ సృష్టికర్త హార్ట్ హాన్సన్, ఆస్పర్గర్ లక్షణాలున్న తన స్నేహితుడిని మనసులో పెట్టుకుని ఈ పాత్రను మలిచానని చెప్పాడు. అయితే కథలో ఆమెకు ఆ పేరు పెట్టలేదు. 2013 నుండి అమెరికా మానసిక వైద్యుల నిర్ధారణ గ్రంథంలో ఆస్పర్గర్ అనే విడి పేరు లేదు. దాన్ని ఆటిజం స్పెక్ట్రమ్‌లో కలిపేశారు.

ఇక్కడ మనం ఒక జాగ్రత్త తీసుకోవాలి. బ్రెన్నన్‌కు పదిహేనేళ్లప్పుడు, క్రిస్మస్ ముందు, తల్లిదండ్రులు కనిపించకుండా పోతారు. అన్న కూడా వెళ్లిపోతాడు. పెంపుడు ఇళ్లలో పెరుగుతుంది. ఒక ఇంట్లో ప్లేటు పగిలినందుకు ఆమెను కారు డిక్కీలో పెట్టి మూసేస్తారు. కథ ఇలా నడవడంతో, ప్రేమ దొరకకపోవడం వల్లే ఆమె ఇలా అయిందని చూసేవారికి అనిపించవచ్చు. గాయపడిన మనసు ముడుచుకుపోవడం నిజమే. కానీ ఆటిజం ప్రేమ కరువై వచ్చేది కాదు.

1940ల తరువాత కొన్ని దశాబ్దాల పాటు కొందరు నిపుణులు సరిగ్గా ఆ తప్పే చెప్పారు. తల్లి మనసు చల్లబడినందువల్లే బిడ్డ ఇలా అయ్యాడన్నారు. అమెరికాలో ఎంతోమంది తల్లులు ఆ నింద మోశారు. 1964లో బెర్నార్డ్ రిమ్లాండ్ అనే మనస్తత్వవేత్త, తానే అలాంటి బిడ్డకు తండ్రి, ఆ సిద్ధాంతాన్ని తన పుస్తకంలో గట్టిగా ఖండించాడు. ఇది పెంపకం లోపం కాదని, మెదడు ఎదుగుదలకు సంబంధించినదని ఇప్పుడు వైద్యలోకం అంగీకరిస్తుంది.

మన సంఘాల్లో ఆ నింద ఇంకో రూపంలో వినబడుతుంది. ఎవరి పాపమో, ఎవరి శాపమో అని గుసగుసలు. తల్లి ప్రార్థన చాలలేదని సలహాలు. యోహాను సువార్త 9వ అధ్యాయంలో పుట్టు గ్రుడ్డివానిని చూసి శిష్యులు అడిగినది ఆ ప్రశ్నే. వీడు పాపం చేశాడా, వీని కన్నవారా అన్నారు. ప్రభువు ఆ రెండింటినీ కాదన్నాడు. ఆయన కొట్టివేసిన ప్రశ్నను మనం మళ్లీ లేపి ఒక తల్లి ముందు పెట్టడం ఏ విధమైన భక్తి?

తెలివి ఒక్కటే చాలదు

బ్రెన్నన్ దగ్గర పనిచేసే జాక్ ఆడీ అనే యువకుడు ఆమెలాంటివాడే. గొప్ప మేధావి, లోకం తీరు తెలియనివాడు. 2008లో ముగిసిన మూడవ సీజన్ చివర ఒక దారుణమైన సంగతి బయటపడుతుంది. మనుషులను చంపి తినే ఒక హంతకుడికి జాక్ సహాయకుడయ్యాడు. బలవంతం మీద కాదు, డబ్బు కోసం కాదు. ఆ హంతకుడు చెప్పిన తర్కంలో అతనికి తప్పు కనబడలేదు. మానవజాతి మేలు ముందు ఒక్క మనిషి ప్రాణం లెక్కలోకి రాదన్నది ఆ తర్కం.

బ్రెన్నన్ అతనికి తర్కంతోనే జవాబు చెబుతుంది. ప్రయోగశాలలో పేలుడు జరిపినప్పుడు తన స్నేహితుడు హాడ్జిన్స్‌కు హాని కలగకూడదని జాక్ జాగ్రత్తపడ్డాడు, తన చేతులే కాల్చుకున్నాడు. ఒక్క మనిషి లెక్కలోకి రాకపోతే ఆ ఒక్కడిని ఎందుకు కాపాడావని ఆమె అడుగుతుంది. అక్కడ అతని సిద్ధాంతం కూలిపోతుంది. తలకు తట్టని సత్యాన్ని అతని స్నేహం ముందే గ్రహించింది.

జ్ఞానమంతా ఉండి ప్రేమ లేకపోతే ఏమీ లేనట్టేనని పౌలు కొరింథీయులకు రాసిన మొదటి పత్రిక 13వ అధ్యాయం చెబుతుంది. ఇది ఆటిజం ఉన్నవారికి మాత్రమే పాఠం అనుకుంటే పొరబాటు. వారు ప్రేమించలేరన్నది అబద్ధం. ప్రేమను చూపే తీరు వేరు, అంతే. నోట తియ్యని మాటలతో, చేతిలో వాక్యంతో, పక్కవాడి బాధను లెక్కచేయకుండా వాదన గెలిచేవారు అన్ని సంఘాల్లోనూ ఉన్నారు. వారిని మాత్రం మనం వింతగా చూడము.

ప్రతిభ టిక్కెట్టు కాదు

ఇలాంటి సీరియళ్లలో మాకు నచ్చని విషయం ఒకటి ఉంది. మేధావి ఎంత వింతగా ప్రవర్తించినా చుట్టూ ఉన్నవారు ఎందుకు భరిస్తారు? కేసు తేల్చుతుంది కాబట్టి. అంటే తేడాగా ఉన్న మనిషికి మన మధ్య చోటు కావాలంటే, దానికి ప్రతిభతో ధర చెల్లించాలన్నమాట. ఆటిజం ఉన్నవారిలో కొందరికి అరుదైన నైపుణ్యం ఉంటుంది. చాలామందికి ఉండదు. కొందరికి మాటలే రావు. కీబోర్డు అద్భుతంగా వాయించే కుర్రవాడిని వేదిక మీదికి పిలిచి చప్పట్లు కొడతాము. ఏమీ వాయించలేక, ఆరాధన మధ్యలో చెవులు మూసుకుని కేకపెట్టే పిల్లవాడి తల్లి వైపు వెనక్కి తిరిగి చూస్తాము. ఆ చూపుకు భయపడి ఆ తల్లి ఆదివారాలు ఇంట్లోనే ఉండిపోతుంది.

2017 మార్చి 28న ప్రసారమైన చివరి ఎపిసోడ్ ఈ విషయాన్నే ముట్టుకుంది. పేలుడులో తలకు దెబ్బ తగిలి బ్రెన్నన్ తన శక్తిని పోగొట్టుకుంటుంది. ఎముకలు కళ్లముందే ఉంటాయి, వాటి అర్థం తోచదు. తెలివే తాననుకున్న మనిషి అది పోయాక తానెవరని అడుగుతుంది. తాను ప్రేమించినది ఆ తెలివితేటలను కాదు, ఆమెనని బూత్ ఓదారుస్తాడు. అంత అవసరమైన మాట ఆ పన్నెండేళ్లలో ఇంకొకటి లేదని మా అభిప్రాయం.

కథ కాబట్టి చివరికి ఆమె శక్తి తిరిగి వస్తుంది. మన ఇళ్లలో అన్నిసార్లూ అలా జరగదు. పక్షవాతం తరువాత మాట రాని కాపరి, మతిమరుపు వ్యాధితో సొంత పిల్లల పేర్లు మరచిన సండే స్కూలు టీచరు, పరీక్ష తప్పిన తెలివైన విద్యార్థి, వీరందరి మనసులో ఉన్నది బ్రెన్నన్ ప్రశ్నే. దేవుని స్వరూపం మనిషిలో ఉందంటే అది మెదడులోని ఒక మూల ఉందని కాదు. బలహీనంగా కనబడే అవయవాలే మరింత అవసరమని అదే కొరింథీ పత్రిక 12వ అధ్యాయంలో పౌలు రాశాడు.

మనం చేయగలిగినవి చిన్నవే. మైకు శబ్దం కొంచెం తగ్గించవచ్చు. మందిరం పక్కన ఒక నిశ్శబ్దమైన గది ఉంచి, అవసరమైన బిడ్డ అక్కడికి వెళ్లి రావచ్చని అందరికీ తెలియజేయవచ్చు. ఇష్టం లేనివారిని కరచాలనానికి, కౌగిలికి, అప్పటికప్పుడు సాక్ష్యానికి బలవంతం చేయకుండా ఉండవచ్చు. సూచనగా కాకుండా సూటిగా, మర్యాదగా మాట్లాడవచ్చు. కుర్చీలు సర్దడమో, పాటల పుస్తకాలు పంచడమో, ప్రతివారం అదే పనిని నమ్మకంగా అప్పగించవచ్చు. 2016 నాటి దివ్యాంగుల హక్కుల చట్టం ఆటిజాన్ని కూడా గుర్తించిందని, దాని కింద ధ్రువపత్రానికి దరఖాస్తు చేసుకోవచ్చని తెలియని తల్లిదండ్రులకు చెప్పవచ్చు.

ప్రియ పాఠకులారా, ఈ ఆదివారం మందిరంలో ఎవరి చోటు ఖాళీగా ఉందో చూడండి. ఒకప్పుడు వచ్చి ఇప్పుడు రాని కుటుంబం గుర్తొస్తే, వారి ఇంటికి వెళ్లండి. ఆ బిడ్డకు ఏమి వచ్చని అడగవద్దు. పేరు అడిగి, ఆ పేరుతో పిలవండి.