జీపు పైన కూర్చున్నాడా, లోపలా? ప్రమాదానికి కోడ్ ఎందుకు, ఎలా?

అరకు ఘాట్‌లో జీపు బోల్తాపడి తొడ ఎముక విరిగినవాడికి వైద్యం చేయడానికి ఏ కోడూ అక్కర్లేదు. మరి కేసు షీటు మీద ఆ అక్షరాలూ అంకెలూ ఎందుకు? ఆ మనిషి కోలుకుని ఇంటికెళ్లినా ప్రమాదం జరిగిన మలుపు అక్కడే ఉంటుంది కాబట్టి. వచ్చే సంత రోజున ఇంకో జీపు అంతే బరువుతో ఆ మలుపు తిరుగుతుంది. దెబ్బ ఎలా తగిలిందో లెక్కకెక్కితేనే రోడ్డు వేసేవాళ్లకూ, బస్సులు నడిపేవాళ్లకూ అడగాల్సిన ప్రశ్న దొరుకుతుంది.

ఈ లెక్కకు మూలం 1893లో ఫ్రాన్స్ గణాంకవేత్త జాక్ బెర్టిలాన్ కూర్చిన మరణకారణాల జాబితా. దాన్నే ఇప్పుడు ప్రపంచ ఆరోగ్య సంస్థ ఐసీడీ పేరుతో నిర్వహిస్తోంది. పదకొండో కూర్పు 2022 నుంచి అమల్లోకి వచ్చింది. ఇక్కడ చెప్పేది పదో కూర్పు సంగతి.

అందులో ప్రతి ప్రమాదానికీ రెండు ప్రశ్నలు. ఒంటికేమైంది? ఎలా అయింది? మొదటిదానికి ‘ఎస్’, ‘టి’ కోడ్లు. తొడ ఎముక నడిమిభాగం విరిగితే ఎస్72.3. రెండోదానికి, రవాణా ప్రమాదమైతే, ‘వి’ కోడ్లు. వి తర్వాతి అంకె దెబ్బతిన్నవాడు ఎందులో ఉన్నాడో చెబుతుంది: నడిచి వెళ్తుంటే 0, మోటార్ సైకిల్ 2, ఆటో 3, కారు 4, బస్సు 7. ఆ పక్క అంకె దేన్ని గుద్దుకుందో చెబుతుంది. దేన్నీ గుద్దుకోకుండా బోల్తాపడితే ఆటో, కారు, బస్సులకు అక్కడ 8 పడుతుంది. ఈ మూడు బండ్లకు చుక్క తర్వాతి అంకె మనిషి ఉన్న చోటు. రోడ్డు మీది ప్రమాదంలో డ్రైవరుకు 5, లోపలి ప్రయాణికుడికి 6, టాపు మీద కూర్చున్నా మెట్టు పట్టుకుని వేలాడినా 7. ఎక్కుతూ దిగుతూ పడితే 4.

జీపు ఎందులోకి వస్తుంది? పదిమంది వరకు ఎక్కడానికి తయారైన బండి కారే. ఇరవైమంది ఎక్కినా అది బస్సు కాదు. కాబట్టి సంత నుంచి టాపు మీద వస్తూ బోల్తాపడిన మనిషికి వి48.7. మన ఏజెన్సీ ప్రయాణం ఎలా ఉంటుందో ఆ చివరి 7 ఒక్కటే చెప్పేస్తుంది. బస్సు చాలని దారుల్లో మనుషులు టాపెక్కుతున్నారని అధికారులకు చూపించగల సాక్ష్యం అది.

కానీ కేసు షీటు మీద తరచూ కనిపించేది ‘ఆర్‌టీఏ’ అన్న ఒక్క మాట. రోడ్డు ప్రమాదం, అంతే. ఆ షీటు చూసి కోడ్లు వేసే కోడర్ ఊహించి రాయకూడదు. బండేదో తెలియని మోటారు ప్రమాదానికి ఉన్న వి89.2 వేసి ఊరుకుంటాడు. టాపు, మలుపు, సంత అన్నీ అందులో కలిసిపోతాయి.

ఎందుకిలా? రక్తం కారుతున్నప్పుడు నర్సు చెయ్యి ముందు గాయం మీదికే పోతుంది, పోవాలి కూడా. పైగా కువి, ఆదివాసీ ఒడియా మాట్లాడే మనిషిని తెలుగులో అడగాలి. అన్నిటికన్నా పెద్ద కారణం డబ్బు. చికిత్స ప్యాకేజీ గాయాన్ని బట్టి వస్తుంది, ఎలా తగిలిందన్నదాన్ని బట్టి కాదు. హైదరాబాద్, విశాఖ ఆఫీసుల్లో మన పిల్లలు అమెరికా ఆసుపత్రుల కోసం ఇవే కోడ్లను ఏడక్షరాల దాకా రాస్తున్నారు. ఆ నేర్పు మన కొండలకు అందకపోవడం నాకు బాధగా ఉంటుంది.

2021 ఫిబ్రవరి 12న హైదరాబాద్ యాత్రికుల బస్సు అరకు నుంచి వస్తూ డముకు దగ్గర లోయలో పడింది. నలుగురు చనిపోయారు. గాయపడ్డవాళ్లను ఎస్.కోటకు, విశాఖ కేజీహెచ్‌కు తరలించారు. కొండ మీది ప్రమాదం ఇలా మైదానంలోని రిజిస్టర్లకు చేరుతుంది. ప్రమాద మరణాల్లో అసలు కారణంగా లెక్కలోకి తీసుకునేది పుర్రె పగలడాన్ని కాదు, బస్సు పడడాన్ని. అందుకే ఆసుపత్రి ఇచ్చే మరణకారణ పత్రం, ఫారం 4లో, గాయం ఎలా అయిందని ప్రత్యేకంగా అడుగుతారు. ఆ గడి ఖాళీగా వదిలితే లెక్క అక్కడే తెగిపోతుంది.

ఒక లోటుంది. వి కోడ్‌లో ఊరి పేరుకు చోటు లేదు. కనుక రోగి వెంట వచ్చినవాళ్లు నాలుగు సంగతులు చెప్పాలి: ఏ బండి, మనిషి ఎక్కడ కూర్చున్నాడు, దేన్ని గుద్దింది లేక ఎలా బోల్తాపడింది, ఏ ఊరి దగ్గర ఏ మలుపులో. అడ్మిషన్ రాసేవారు వాటిని ఉన్నవున్నట్టు తెలుగులో రాసినా చాలు, కోడర్ తర్వాత అంకెలు వేసుకుంటాడు. పోలీసు కేసు దాకా పోని ప్రమాదమైతే ఆ నాలుగు మాటలు ఆసుపత్రి కాగితం మీద తప్ప ఇంకెక్కడా ఉండవు.