యూనిట్ – 9: ఫాగ్ లైట్ రిలే – లోప నిర్ధారణ, మార్పిడి

9.0 లక్ష్యాలు

ఈ యూనిట్ చదివిన తరువాత మీరు
• ఫాగ్ లైట్ వలయంలో రిలే ఎందుకు అవసరమో వివరించగలుగుతారు.
• రిలే మీద ఉండే 30, 85, 86, 87 సంఖ్యల అర్థం చెప్పగలుగుతారు.
• లోపం రిలేలో ఉందో, రిలే బయట ఉందో పరీక్షల ద్వారా నిర్ధారించగలుగుతారు.
• పాత రిలేను తీసి, సరైన కొత్త రిలేను అమర్చగలుగుతారు.

9.1 ప్రవేశిక

శీతాకాలంలో అరకు, లంబసింగి ఘాట్ రోడ్ల మీద తెల్లవారుజామున పొగమంచు దట్టంగా కమ్ముకుంటుంది. అప్పుడు హెడ్‌లైట్ల హై బీమ్ వేస్తే ఆ వెలుగు మంచు బిందువుల మీద పడి తిరిగి డ్రైవరు కళ్ళలోకే వస్తుంది. ఎదురుగా తెల్లని తెర తప్ప దారి కనిపించదు. ఫాగ్ లైట్లను బంపరు దగ్గర కిందుగా అమరుస్తారు. వాటి వెలుగు పైకి లేవకుండా, వెడల్పుగా రోడ్డు మీద పరచుకుంటుంది. అందువల్ల రోడ్డు అంచు, దగ్గరలోని మలుపు కనిపిస్తాయి.

పాత కార్లలో ఈ లైట్లు వెలగకపోతే చాలామంది ముందుగా రిలేనే అనుమానిస్తారు. అది చవకైన భాగం, మార్చడం కూడా తేలిక. అందుకే "మార్చి చూద్దాం" అనే అలవాటు ఏర్పడింది. కొత్త రిలే పెట్టినా లైట్లు వెలగకపోతే కారు యజమానికి డబ్బు నష్టం, మెకానిక్‌కు మాట నష్టం. మరో సందర్భంలో కొత్త రిలేతో లైట్లు వెలుగుతాయి గాని, పాత రిలే కాలిపోవడానికి కారణమైన లోపం అలాగే ఉండిపోతుంది. కొన్నాళ్ళకు ఘాట్ రోడ్డు మధ్యలో అవే లైట్లు మళ్ళీ ఆరిపోవచ్చు. కాబట్టి ఈ యూనిట్‌లో మార్చడం కన్నా నిర్ధారించడానికే ఎక్కువ చోటు ఇచ్చాం.

9.2 రిలే ఎందుకు?

పాత కార్లలో సాధారణంగా వాడే ఫాగ్ లైట్ బల్బు 55 వాట్లది. రెండు బల్బులకు కలిపి 110 వాట్లు. 12 వోల్టుల వలయంలో వాటికి కావలసిన విద్యుత్ ప్రవాహం ఇలా లెక్కకడతాం:

110 ÷ 12 = సుమారు 9.2 ఆంపియర్లు

ఇంత ప్రవాహాన్ని డాష్‌బోర్డు మీది చిన్న స్విచ్ గుండా పంపితే రెండు నష్టాలు ఉన్నాయి. మొదటిది, స్విచ్ లోపలి కాంటాక్టులు వేడెక్కి త్వరగా కాలిపోతాయి. రెండవది, బ్యాటరీ నుంచి డాష్‌బోర్డుకు, అక్కడి నుంచి మళ్ళీ బంపరుకు సాగే పొడవైన వైరులో వోల్టేజి పడిపోతుంది. ఫిలమెంటు బల్బుకు వోల్టేజి 10 శాతం తగ్గితే వెలుగు సుమారు 30 శాతం తగ్గుతుంది.

రిలే ఈ రెండు ఇబ్బందులనూ తొలగిస్తుంది. పంట కాలువ తూమును గుర్తుచేసుకోండి. తూము తలుపు ఎత్తడానికి ఒక మనిషి బలం చాలు. దాని గుండా పారే నీరు మాత్రం ఎకరాల కొద్దీ పొలాన్ని తడుపుతుంది. అలాగే స్విచ్ గుండా వెళ్ళే కొద్దిపాటి ప్రవాహం రిలేను పనిచేయిస్తుంది. లైట్లకు కావలసిన పెద్ద ప్రవాహం బ్యాటరీ నుంచి ఫ్యూజు, రిలేల గుండా దగ్గరి దారిలో వెళుతుంది.

9.3 రిలే నిర్మాణం, టెర్మినల్ సంఖ్యలు

రిలే పెట్టె ఒకటే అయినా అందులో రెండు వేర్వేరు వలయాలు ఉంటాయి. లోప నిర్ధారణ అంతా ఈ ఒక్క విషయం మీద ఆధారపడి ఉంది.

నియంత్రణ వలయం: ఇందులో ఇనుప కడ్డీ చుట్టూ చుట్టిన సన్నని తీగచుట్ట ఉంటుంది. ప్రవాహం వెళ్ళినప్పుడు అది విద్యుదయస్కాంతమై ఒక ఇనుప రేకును లాగుతుంది. తీగచుట్ట నిరోధం 80 ఓములు అనుకుంటే 12 ÷ 80 = 0.15 ఆంపియరు. స్విచ్ మోయవలసిన బరువు ఇంతే.

లోడ్ వలయం: లాగబడిన రేకు రెండు కాంటాక్టులను కలుపుతుంది. వాటి గుండా 9 ఆంపియర్లు లైట్లకు వెళతాయి.

రిలే అడుగున ఉండే సంఖ్యల అర్థం ఇది:
• 85, 86 – తీగచుట్ట రెండు చివరలు. సాధారణంగా 86కు స్విచ్ నుంచి సరఫరా, 85కు ఎర్త్ వస్తాయి. కొన్ని కార్లలో స్విచ్ ఎర్త్ వైపు ఉంటుంది.
• 30 – బ్యాటరీ నుంచి ఫ్యూజు ద్వారా వచ్చే సరఫరా.
• 87 – లైట్లకు వెళ్ళే వైరు. రిలే పనిచేసినప్పుడే దీనికి 30తో సంబంధం ఏర్పడుతుంది.
• 87ఏ – ఐదు పిన్నుల రిలేలో మధ్య పిన్ను. రిలే పనిచేయనప్పుడు 30తో కలిసి ఉంటుంది. ఫాగ్ లైట్లకు దీని అవసరం ఉండదు.

9.4 లోపాన్ని గుర్తించే క్రమం

9.4.1 రిలే దగ్గరకు వెళ్ళే ముందు

ముందుగా ఇగ్నిషన్, పార్కింగ్ లైట్లు ఆన్ చేయండి. చాలా కార్లలో పార్కింగ్ లైట్లో, హెడ్‌లైట్లో వెలిగితేనే ఫాగ్ లైట్ స్విచ్‌కు సరఫరా అందుతుంది. ఇది మరచిపోయి వెతికితే లేని లోపం కోసం వెతికినట్టే.

ఒక లైటు మాత్రమే వెలగకపోతే రిలే జోలికి పోవద్దు. రెండు లైట్లకూ రిలే ఒక్కటే కాబట్టి లోపం ఆ బల్బులో, దాని వైరులో, లేదా దాని ఎర్త్‌లో ఉంటుంది. రెండూ వెలగకపోతే ఫ్యూజు చూడండి. ఫ్యూజు కాలి ఉంటే ఎక్కడో షార్ట్ అయి ఉండవచ్చు. వైరు ఎక్కడ ఒరుసుకుందో చూసి సరిచేసిన తరువాతే అదే విలువగల ఫ్యూజు వేయండి. 15 ఆంపియర్ల ఫ్యూజు ఉండవలసిన చోట 30 ఆంపియర్లది వేస్తే, ఈసారి కాలేది ఫ్యూజు కాదు, వైరు.

9.4.2 శబ్దం ఏమి చెబుతుంది?

రిలే డాష్‌బోర్డు కింది ఫ్యూజు బాక్సులోగాని, ఇంజిన్ గదిలో బ్యాటరీ దగ్గరగాని ఉంటుంది. లైట్లు తరువాత అమర్చుకున్నవైతే ఫెండరుకు స్క్రూతో బిగించి ఉండవచ్చు. మరొకరిని స్విచ్ నొక్కమని, మీరు రిలే మీద వేలు ఆనించి గమనించండి.

• టక్కుమంటుంది, లైట్లు వెలగవు: నియంత్రణ వలయం పనిచేస్తోంది. లోడ్ వలయాన్ని పరీక్షించాలి.
• శబ్దమే లేదు: తీగచుట్ట తెగి ఉండాలి, లేదా దానికి సరఫరాగాని ఎర్త్‌గాని అందడం లేదు.
• టకటకమని ఆగకుండా కొట్టుకుంటుంది: తీగచుట్టకు చాలినంత వోల్టేజి నిలకడగా అందడం లేదు. బ్యాటరీ, ఎర్త్ బిగింపులు చూడాలి.
• స్విచ్ ఆపినా లైట్లు ఆరవు: కాంటాక్టులు అతుక్కుపోయి ఉండవచ్చు. 35 ఆంపియర్ అవర్ బ్యాటరీని 9 ఆంపియర్ల భారం నాలుగు గంటలలోపే ఖాళీ చేయగలదు. కాబట్టి ముందు రిలేను లాగివేయండి. అప్పటికీ లైట్లు ఆరకపోతే 87 తరువాతి వైరుకు ఎక్కడో సరఫరా తగులుతోందని అర్థం.

రిలే టక్కుమంటే రిలే బాగున్నట్టే అని చాలామంది అనుకుంటారు. ఆ శబ్దం రేకు కదిలిందని మాత్రమే చెబుతుంది. కాంటాక్టులు నల్లబడి ఉంటే రేకు కదిలినా ప్రవాహం వెళ్ళదు.

9.4.3 సాకెట్ వద్ద మూడు పరీక్షలు

ఇగ్నిషన్ ఆపి రిలేను సాకెట్ నుంచి తీయండి. తరువాత ఈ వరుసలో పరీక్షించండి.

పరీక్ష 1: టెస్ట్ ల్యాంప్ క్లిప్పును బాడీ ఎర్త్‌కు తగిలించి, మొనను సాకెట్‌లోని 30కి తాకించండి. ల్యాంప్ ప్రకాశవంతంగా వెలగాలి. సరఫరా ఇగ్నిషన్ ద్వారా వచ్చే కార్లలో ముందు తాళం తిప్పండి. ఇక్కడ మల్టీమీటరు ఒక్కదాన్నే నమ్మవద్దు. అది దాదాపు ప్రవాహమే తీసుకోదు కాబట్టి తుప్పు పట్టిన కనెక్షను గుండా కూడా 12 వోల్టులు చూపిస్తుంది. టెస్ట్ ల్యాంప్ కొంత ప్రవాహం తీసుకుంటుంది కాబట్టి బలహీనమైన కనెక్షను బయటపడుతుంది. అయితే ఎయిర్‌బ్యాగు, ఇంజిన్ కంప్యూటరు వైర్ల మీద టెస్ట్ ల్యాంప్ ఎప్పుడూ వాడవద్దు.

పరీక్ష 2: 15 ఆంపియర్ల ఫ్యూజు బిగించిన జంపర్ వైరుతో సాకెట్‌లోని 30ని, 87ను కలపండి. లైట్లు బాగా వెలిగితే బల్బులు, వైర్లు, ఎర్త్ అన్నీ సరిగా ఉన్నాయి. వెలగకపోతే లోపం రిలే తరువాతి భాగంలో ఉంది. కొత్త రిలే దాన్ని బాగుచేయలేదు.

పరీక్ష 3: ఫాగ్ లైట్ స్విచ్ ఆన్ చేసి, మల్టీమీటరుతో 85, 86ల మధ్య వోల్టేజి కొలవండి. బ్యాటరీ వోల్టేజి దాదాపుగా రావాలి. రాకపోతే 86 నుంచి బాడీకి, తరువాత 85 నుంచి బ్యాటరీ పాజిటివ్‌కు విడివిడిగా కొలిచి, సరఫరా లేదో, ఎర్త్ లేదో తేల్చుకోండి.

మూడు పరీక్షలూ సరిగా వచ్చి, రిలే పెట్టినప్పుడు మాత్రమే లైట్లు వెలగకపోతే లోపం రిలేలోగాని, రిలే పిన్నులకూ సాకెట్‌కూ మధ్య పట్టులోగాని ఉంది.

9.4.4 రిలేను విడిగా పరీక్షించడం

85, 86ల మధ్య నిరోధం కొలవండి. 12 వోల్టుల రిలేలకు ఇది సాధారణంగా 50 నుంచి 120 ఓముల మధ్య ఉంటుంది. అనంతం చూపిస్తే తీగచుట్ట తెగింది. సున్నాకు దగ్గరగా ఉంటే షార్ట్ అయింది. తరువాత 86కు పాజిటివ్, 85కు నెగెటివ్ ఇచ్చి 30, 87ల మధ్య సంబంధం ఏర్పడుతోందో చూడండి. రిలే మీది బొమ్మలో డయోడు గుర్తు ఉంటే ధ్రువాలు తారుమారు కాకుండా జాగ్రత్తపడాలి.

లైట్లు వెలుగుతున్నా మసకగా ఉంటే మరో పరీక్ష అవసరం. రిలేను సాకెట్‌లోనే ఉంచి, లైట్లు వెలుగుతుండగా సాకెట్ వెనుక నుంచి 30, 87ల మధ్య వోల్టేజి కొలవండి. మంచి రిలేలో ఇది సుమారు 0.2 వోల్టు దాటదు. 1 వోల్టు వస్తే 1 × 9 = 9 వాట్లు ఆ చిన్న పెట్టెలోనే వేడిగా మారుతున్నాయి. సాకెట్ ప్లాస్టిక్ కరగడానికి ఆ వేడి చాలు.

మీ ప్రగతిని సరిచూసుకోండి – 1
గమనిక: మీ సమాధానాన్ని యూనిట్ చివర ఇచ్చిన సమాధానంతో పోల్చుకోండి.
ఒక కారులో ఫాగ్ లైట్లు వెలగడం లేదు, రిలే శబ్దం లేదు. 30 వద్ద టెస్ట్ ల్యాంప్ బాగా వెలిగింది. జంపర్ వైరుతో లైట్లు వెలిగాయి. స్విచ్ ఆన్ చేసినా 85, 86ల మధ్య 0 వోల్టులే ఉన్నాయి. 86 నుంచి బాడీకి 12.4 వోల్టులు ఉన్నాయి. తీగచుట్ట నిరోధం 82 ఓములు. రిలే మార్చాలా?

9.5 రిలేను మార్చడం

కొత్త రిలే ఎంచుకునేటప్పుడు పిన్నుల సంఖ్య ఒక్కటే చూస్తే చాలదు. వోల్టేజి 12 ఉండాలి, 24 వోల్టుల లారీ రిలే పనికిరాదు. ఆంపియర్ల సామర్థ్యం పాతదానికి తగ్గకూడదు. పెట్టె మీది బొమ్మలో పిన్నుల స్థానాలు పాతదానితో పోల్చండి. కొన్ని రకాలలో 30, 86 ఒకదాని స్థానంలో మరొకటి ఉంటాయి. చూడడానికి ఒకేలా ఉన్నా ఇవి ఒకదానికి బదులు మరొకటి పనికిరావు. హారన్ రిలేను తాత్కాలికంగా పెట్టి చూసేటప్పుడు కూడా ఈ పోలిక తప్పనిసరి.

పని క్రమం:
1. లైట్లు, ఇగ్నిషన్ ఆపి బ్యాటరీ నెగెటివ్ కేబుల్ తీయండి.
2. రిలేను పెట్టె పట్టుకుని నిటారుగా లాగండి. వైర్లు పట్టుకుని లాగవద్దు.
3. సాకెట్ లోపల చూడండి. పచ్చని తుప్పు ఉంటే కాంటాక్ట్ క్లీనరుతో శుభ్రం చేయండి. గోధుమరంగుకు తిరిగి, పట్టు వదులైన టెర్మినల్‌ను మార్చండి. వదులైన సాకెట్‌లో కొత్త రిలే కూడా కాలిపోతుంది.
4. కొత్త రిలేను పూర్తిగా అదిమి కూర్చోబెట్టండి. ఇంజిన్ గదిలో విడిగా బిగించే రిలే అయితే నీరు నిలవకుండా పిన్నులు కిందికి ఉండేలా అమర్చండి.
5. బ్యాటరీ కేబుల్ తగిలించి, ఇంజిన్ నడుస్తుండగా లైట్లు 10 నిమిషాలు వెలిగించండి. రిలే గోరువెచ్చగా ఉండవచ్చు. చేయి పెట్టలేనంత వేడిగా ఉంటే పని పూర్తికాలేదని అర్థం.

9.6 పాత రిలే ఎందుకు పాడైంది?

కారును అప్పగించే ముందు ఈ ప్రశ్నకు జవాబు వెతకండి. బల్బుల మీది వాట్లు చూడండి. ఎక్కువ వెలుగు కోసం ఎవరైనా 100 వాట్ల బల్బులు వేసి ఉంటే ప్రవాహం 200 ÷ 12 = సుమారు 16.7 ఆంపియర్లు అవుతుంది. 55 వాట్లకు ఎంచుకున్న వైరు, ఫ్యూజు ఆ భారానికి సరిపోవు. రిలే పెట్టెలో తేమ కనిపిస్తే నీరు వస్తున్న దారి మూయండి. టకటక కొట్టుకున్న రిలేలో ప్రతిసారీ చిన్న మెరుపు పుట్టి కాంటాక్టులు గుంటలు పడతాయి. అలాంటప్పుడు బలహీనమైన బ్యాటరీ, వదులైన ఎర్త్ సరిచేయకుండా కొత్త రిలే పెట్టి లాభం లేదు. మీరు కొలిచిన విలువలు, గుర్తించిన కారణం జాబ్ కార్డులో రాయండి. తరువాత ఆ కారు చూసేవారికి అవి దారి చూపిస్తాయి.

9.7 సారాంశం

రిలేలో నియంత్రణ వలయం, లోడ్ వలయం అని రెండు భాగాలు ఉన్నాయి. శబ్దం మొదటిదాని గురించి మాత్రమే చెబుతుంది. 30 వద్ద సరఫరా, 30–87 జంపర్, 85–86 మధ్య వోల్టేజి అనే మూడు పరీక్షలు లోపం రిలేలో ఉందో బయట ఉందో తేలుస్తాయి. రిలే మార్చిన తరువాత అది పాడైన కారణాన్ని కూడా తొలగించాలి.

9.8 నమూనా ప్రశ్నలు

1. ఫాగ్ లైట్లకు రిలే ఎందుకు వాడతారో లెక్కతో వివరించండి.
2. తుప్పు పట్టిన కనెక్షనును గుర్తించడంలో టెస్ట్ ల్యాంప్‌కు, మల్టీమీటరుకు తేడా ఏమిటి?
3. స్విచ్ ఆపినా ఆరని ఫాగ్ లైట్ల లోపాన్ని ఏ క్రమంలో నిర్ధారిస్తారు?

9.9 మీ ప్రగతిని సరిచూసుకోండి – సమాధానం

1. మార్చనవసరం లేదు. 86కు సరఫరా అందుతోంది, తీగచుట్ట బాగుంది, లోడ్ వలయం బాగుంది. 85 ఎర్త్ వైరు తెగింది, లేదా దాని బిగింపు ఊడింది. ఆ ఎర్త్‌ను శుభ్రం చేసి బిగిస్తే పాత రిలేతోనే లైట్లు వెలుగుతాయి.