రంగులు తగ్గించుకున్న ఛాయాగ్రాహకుడు

సినిమా చూసి ఇంటికి వస్తూ తారలను మెచ్చుకుంటాం, పాటలు కూనిరాగం తీస్తాం, కథ నచ్చకపోతే దర్శకుణ్ణి నాలుగు మాటలంటాం. కెమెరా పట్టినవాణ్ణి తలచుకునేవారు అరుదు. నాచేత అలా తలపించినవారు హంగరీ దేశపు లాయోష్ కోల్తాయి. 1946లో బుడాపెస్టులో పుట్టారు. పాతికేళ్లకు పైగా ఇతరుల కథలకు వెలుగు పెట్టి, అరవయ్యో యేడు దగ్గర పడుతుండగా తాను దర్శకుడయ్యారు.

ఆయన పనితనం చూడాలంటే ఇష్ట్వాన్ సబో తీసిన ‘మెఫిస్టో’ (1981) చూడాలి. నాజీల కొలువులో పదవికోసం మనస్సాక్షిని అమ్ముకున్న ఒక నటుని కథ అది. ఉత్తమ విదేశీ చిత్రంగా హంగరీకి తొలి ఆస్కారు తెచ్చింది. చివరి ఘట్టంలో ఆ నటుణ్ణి రాత్రివేళ ఒక పెద్ద క్రీడారంగం నడుమకు తోస్తారు. నాలుగువైపులనుంచి దీపాలు వెంటబడతాయి. ఎటు పరుగెత్తినా వెలుగే. జీవితమంతా రంగస్థలంమీద దీపకాంతికోసం తపించినవాడు, ఆ కాంతికే భయపడి ముఖం దాచుకోజూస్తాడు. ఒక్క దెబ్బ లేదు, నెత్తుటి చుక్క లేదు. అయినా ఒళ్లు జలదరిస్తుంది.

తర్వాత హాలీవుడ్డు పిలిచింది, ఇటలీ పిలిచింది. సిసిలీ ఎండలో మోనికా బెలూచీని చూపిన ‘మలేనా’ (2000) ఆయనకు ఛాయాగ్రహణంలో ఆస్కారు నామినేషను తెచ్చింది. అందాన్ని అందంగా చూపడంలో ఇక నేర్చుకోవలసిందేమీ లేదనిపించుకున్న మనిషి, దర్శకునిగా తొలి చిత్రానికి ఎన్నుకున్న కథ ఏది? నాజీల నిర్బంధ శిబిరాల కథ!

అది ఇమ్రె కెర్తేస్ నవల. 1944లో, పద్నాలుగేళ్ల వయసులో, యూదుడైన పాపానికి కెర్తేస్‌ను ఆష్విట్జుకు, అక్కణ్ణుంచి బూకెన్‌వాల్డుకు తరలించారు. ఆ అనుభవంలోంచి పుట్టిన నవల 1975లో అచ్చయింది. 2002లో ఆయనకు నోబెల్ బహుమతి వచ్చింది. 2005లో వచ్చిన ‘ఫేట్‌లెస్’ చిత్రానికి స్క్రీన్‌ప్లే కూడా ఆయనే వ్రాశారు. కోల్తాయి మాత్రం కెమెరా ముట్టలేదు, గ్యూలా పాడోష్‌కు అప్పగించారు.

చిత్రం మొదట్లో బుడాపెస్టు ఇళ్లలో వెచ్చని పసుపురంగు దీపకాంతి ఉంటుంది. తండ్రిని వెట్టిచాకిరీ దళానికి పిలుస్తారు. కొంతకాలానికి కుర్రవాణ్ణి బస్సులోంచి దింపేస్తారు. అక్కణ్ణుంచి రంగులు ఒక్కొక్కటే ఇంకిపోతాయి. శిబిరానికి చేరేసరికి మిగిలేది బూడిద, బురద. హాజరు వేళ చారల బట్టల ఖైదీలు గంటల తరబడి నిలబడి, పడిపోకుండా ఉండేందుకు గాలికి ఊగే పైరులా ఊగుతుంటారు. చూస్తుంటే ఆ దృశ్యం అందంగానే ఉంది. ఉన్నందుకు మనకే సిగ్గు వేస్తుంది.

అంతటి ఘోరాన్ని ఇంత సొగసుగా చూపవచ్చునా అని కొందరు విమర్శకులు ఆక్షేపించారు. కొట్టివేయదగిన మాట కాదు. కాని నవలలో ఆ కుర్రవాడే, చావు అంచున పడి ఉండి, శిబిరంలో కాగే పులుసు వాసన ముక్కుకు సోకగానే మరికొంచెం బ్రతకాలని ఆశపడతాడు. తిరిగి వచ్చాక అందరూ ఘోరాల గురించే అడుగుతుంటే, వాడికి అక్కడి సంతోషాలూ గుర్తుకొస్తాయి. ఆ కళ్లతో చూపవలసిన కథకు ఉత్త చీకటి చాలదని నాకు తోస్తుంది.

తర్వాత అమెరికాలో మెరిల్ స్ట్రీప్, వెనెస్సా రెడ్‌గ్రేవ్ వంటి ఉద్దండులతో ‘ఈవెనింగ్’ (2007) తీశారు. తారల బలమే తప్ప కథాబలం తక్కువ.

ఆపైన డెబ్బై యేడేళ్ల వయసులో ‘సెమ్మెల్‌వైస్’ (2023). 1847లో వియన్నా ప్రసూతి ఆసుపత్రిలో బాలింతలు జ్వరంతో రాలిపోతుంటే, శవాలను కోసిన చేతులతోనే వైద్యులు పురుళ్లు పోస్తున్నారని గ్రహించి, క్లోరిన్ నీళ్లతో చేతులు కడిగించిన హంగరీ వైద్యుడతను. మరణాలు బాగా తగ్గాయి. అయినా తోటి వైద్యులు చాలామంది అతని మాట నమ్మలేదు. 1865లో పిచ్చాసుపత్రిలో మరణించాడు.