ఓడమీద విమానము దిగు విధము

భూమిమీద విమానము దిగుటకు విశాలమైన మైదానము వలయును. చక్రములు నేల నంటిన పిదప నది చాల దూరము పరుగెత్తి, క్రమముగా వేగముడిగి నిలుచును. అట్టి విమానము నడిసముద్రమున, అలల కూగుచు ముందునకు సాగిపోవు ఓడమీద నెట్లు దిగగలుగుచున్నది? దీనిని సంగ్రహముగా మా చదువరులకు తెలుప నుద్దేశించితిమి.

మొదట విమానము గాలిలో నిలుచుటకు గల కారణము నెరుగవలెను. రెక్క కొంచెము వాలుగా నుండి వేగముగా ముందునకు పోవునపుడు గాలిని క్రిందికి త్రోయును. ఆ గాలి తిరిగి రెక్కను పైకి త్రోయును. రెక్క పైభాగమున గాలి యొత్తిడి తక్కువగను, క్రిందిభాగమున నెక్కువగను ఉండును. కావున విమానము పైకి లేచును. ఇందు గమనింపదగిన దొకటి కలదు. విమానమునకు వలసినది నేలనుబట్టి లెక్కించు వేగము కాదు, గాలినిబట్టి లెక్కించు వేగము. పక్షులు సాధారణముగా గాలి కెదురుగా లేచుటకు నిదియే హేతువు.

బిషప్పు మిల్టను రైటుగారి కుమారులగు విల్బరు, ఆర్విలు సోదరు లీ సంగతిని చక్కగా గ్రహించిరి. 1903వ సంవత్సరము డిసెంబరు 17వ తేదీన, అమెరికాలో ఉత్తర కరోలినా సముద్రతీరమున, బలమైన యెదురుగాలి వీచుచుండగా వారు తమ యంత్రమును లేపిరి. ఆర్విలు మొదటిసారి యెగిరినది 12 సెకండ్లు, పోయిన దూరము 120 అడుగులు. నాడే నాలుగవసారి విల్బరు 59 సెకండ్లు ఎగిరెను.

ఓడకును గాలికిని గల సంబంధ మిపుడు సులభముగా బోధపడును. ఒక విమానము గంటకు 60 మైళ్ళ వేగముతో దిగవలెననుకొందము. ఓడ గాలి కెదురుగా తిరిగి గంటకు 25 మైళ్ళు పోవుచున్నది; ఎదురుగాలి వేగము 20 మైళ్ళు. అపుడు ఓడమీద నిలుచున్నవానికి 45 మైళ్ళ గాలి కొట్టును. వెనుకనుండి వచ్చు విమానము వాని కంటికి 15 మైళ్ళ వేగముతో మాత్రమే సమీపించును. అది సైకిలు పరుగుకంటె మిక్కిలి యెక్కువ కాదు. కావుననే విమానములు లేచునపుడును, దిగునపుడును ఓడ గాలి కభిముఖముగా తిరుగును.

ఈ పనికి మొదట పూనుకొన్నవాడు యూజీను ఈలీ యను అమెరికా వైమానికుడు. 1910 నవంబరు 14వ తేదీన బర్మింగుహాము అను యుద్ధనౌకపై కట్టిన కొయ్యవేదికనుండి అతడు లేచెను. వేదిక పొడవు 83 అడుగులే యగుటచే విమానము క్రిందికి జారి, చక్రములు నీటినంటి, తిరుగుచున్న పంఖా చివర చిట్లెను. అయినను అతడు క్షేమముగా తీరము చేరెను. 1911 జనవరి 18వ తేదీన శాన్ ఫ్రాన్సిస్కో అఖాతమున, నిలిచియున్న పెన్సిల్వేనియా యను నౌకపై అతడు దిగెను. వేదికకు అడ్డముగా త్రాళ్ళు పరచి, ప్రతి త్రాటికి రెండు కొనలయందును ఇసుకసంచులు కట్టిరి. విమానము క్రిందనున్న కొక్కెములు ఆ త్రాళ్ళను పట్టుకొనగా, సంచుల బరువు దానిని నిలిపివేసెను. నేటి పెద్ద నౌకలలోని ఇనుపత్రాళ్ళ యేర్పాటునకు మూల మిదియే.

కదలుచున్న ఓడమీద మొదట దిగిన ఘనత ఎడ్విను డన్నింగు అను ఆంగ్లేయునిది. 1917 ఆగస్టు 2వ తేదీన ఫ్యూరియస్ అను నౌక ముందు భాగమున అతడు దిగెను. నడిమి కట్టడములను తప్పించుకొని ప్రక్కగా రాగా, తోడి యుద్యోగులు పరుగెత్తి విమానమునకు కట్టిన పట్టీలను చేతులతో పట్టుకొని నిలిపిరి. అయిదు దినముల పిదప మరల ప్రయత్నించునపుడు విమానము అంచు దాటి సముద్రమున పడెను. ఆ సాహసి ప్రాణములు కోల్పోయెను. ఆ మరణము వ్యర్థము కాలేదు. ఓడ నడుమ కట్టడములున్నంతకాలము దిగుట ప్రాణాపాయకర మని నావికులు గ్రహించిరి. 1918లో సిద్ధమైన ఆర్గస్ అను నౌకకు ముందునుండి వెనుకవరకు చదునైన తలము అమర్చిరి.

ఇంకొక చిక్కు మిగిలెను. కొక్కెము త్రాటిని పట్టుకొననిచో విమానము ముందున నిలిపియున్న విమానములపై పడును. 1951లో డెన్నిస్ కాంబెల్ అను నౌకాధికారి, దిగు బాటను ఓడ పొడవునకు కొంచెము ఏటవాలుగా త్రిప్పినయెడల నీ ప్రమాదము తొలగునని సూచించెను. త్రాడు తప్పినచో ముందున ఖాళీ సముద్రమే యుండును. వైమానికుడు మరల లేచిపోవచ్చును. అందుచేతనే, చక్రములు తలము నంటిన క్షణమున అతడు ఇంజను వేగమును తగ్గింపక పూర్తిగా హెచ్చించును. నిలుచుటకు వచ్చినవాడు ఎగురుటకు సిద్ధముగా నుండుట వింతగా తోచును గాని, వాని ప్రాణమును కాపాడునది ఆ యభ్యాసమే.

మన దేశము 1957లో కొన్న నౌక విక్రాంత్ అను పేర 1961 మార్చి 4వ తేదీన సేవలో చేరెను. 1971 డిసెంబరు యుద్ధమున నది బంగాళాఖాతమునందుండి విమానములను పంపెను. అప్పటి కొక బాయిలరునందు పగుళ్ళు ఏర్పడుటచే ఓడ పూర్తివేగముతో పోజాలకుండెను. ఓడ వేగము తగ్గినచో విమానమునకు దొరకు గాలియు తగ్గునని పైలెక్క వలన తెలియుచున్నది గదా. అట్టి లోపముతోనే పని నడిపిన నావికుల నేర్పు కొనియాడదగినది. దానిని వెదకుచు వచ్చిన ఘాజీ యను పాకిస్థాను జలాంతర్గామి మన విశాఖపట్టణము చేరువనే మునిగిపోయెను. ఆ వేళ విక్రాంత్ దూరముగా అండమాను దీవుల కడ నుండెను. 1997లో ఆ నౌక సేవనుండి విరమించెను. అదే పేరుగల నూతన నౌక కొచ్చిలో నిర్మింపబడి, 2022 సెప్టెంబరు 2వ తేదీన సేవలో చేరెను. దాని పొడవు 262 మీటర్లు. ముందుభాగము మీదికి వంగియుండుటచే పరుగెత్తిన విమానము పైకి నెగయును. వెనుక దిగువాటిని ఇనుపత్రాళ్ళు ఆపును.

ఇసుకసంచులనుండి ఇనుపత్రాళ్ళవరకు గల ఈ చరిత్ర యంతయు యుద్ధమునకై పెరిగిన విద్య యని మరువరాదు. ఆ విద్యను శాంతికై వినియోగించుటయా, నాశమునకై వినియోగించుటయా యనునది మానవుల చేతిలోనిది. తరగతిలో వేగమును, ఒత్తిడిని గూర్చి చదువు బాలబాలికలు, ఒకరి ప్రాణము నిలుచుట ఆ లెక్క సరిగా నుండుటపై ఆధారపడు దినము రావచ్చునని తలచి, శ్రద్ధతో నేర్చుకొందురుగాక యని మా కోరిక.