రీటేకు లేని సినిమా

బడంగ్‌పేట్: పూర్వం సినిమా హాలులో అసలు ఆటకు ముందు ప్రభుత్వ ఫిల్మ్స్ డివిజన్ వారి న్యూస్‌రీలు వేసేవారు. ఆనకట్టలు, మంత్రుల పర్యటనలు కనిపించేవి. అది అయ్యేదాకా చాలామంది బయట బీడీ కాల్చుకుంటూ నిలబడేవారు. డాక్యుమెంటరీ అంటే అదేనని పెద్దవారు నేటికీ అనుకుంటారు. ఈ ఊరికి పొరుగునున్న పాతబస్తీలో తీసిన ఒక చిత్రం మాత్రం వేరు.

దాని పేరు ‘క్యా హువా ఇస్ షహర్ కో’. ఈ నగరానికి ఏమైంది అని అర్థం. దర్శకురాలు దీపా ధన్‌రాజ్, కెమెరామన్ ఆమె భర్త నవ్రోజ్ కాంట్రాక్టర్. చిత్రం 1986లో వెలువడింది.

1984 ఆగస్టు 16న ఎన్.టి.రామారావు ప్రభుత్వాన్ని బర్తరఫ్ చేయడం, సెప్టెంబరు 16న ఆయన తిరిగి ముఖ్యమంత్రి కావడం పెద్దలకు గుర్తే. ఆ రోజుల్లోనే పాతబస్తీలో మతకలహాలు చెలరేగాయి. కర్ఫ్యూ పెట్టారు. చిత్రంలో వినాయక నిమజ్జనం ఊరేగింపు ఉంది. ఇరుపక్షాల నాయకుల మాటలు ఉన్నాయి. కర్ఫ్యూ వల్ల కూలి పోయి పస్తులున్న పేదల గోడు కూడా ఉంది. నాయకుడి మాట, దాని ఫలితం పక్కపక్కనే కనిపించడమే ఈ చిత్రం బలం.

11 నిమిషాల రీలు

ఆ కాలపు 16 ఎం.ఎం. కెమెరాలో 400 అడుగుల రీలు 11 నిమిషాలకే అయిపోయేది. శబ్దాన్ని వేరే టేపు మీద పట్టి, తర్వాత బొమ్మతో జతచేసేవారు. లేబరేటరీలో కడిగేదాకా బొమ్మ పడిందో లేదో తెలియదు. కథా చిత్రంలో బాగా రాకపోతే మళ్లీ తీస్తారు. గుంపు కదిలిపోయాక మళ్లీ రమ్మనేదెవరిని? ఎక్కడ నిలబడాలి, ఎప్పుడు మీట నొక్కాలి అన్నది కెమెరామన్ క్షణంలో తేల్చుకోవాలి.

ఈ దంపతులు అంతకుముందు 1980లో బెంగళూరులో మిత్రులతో కలిసి ‘యుగాంతర్’ బృందాన్ని స్థాపించారు. నిపాణి పొగాకు ఫ్యాక్టరీల్లో పనిచేసే స్త్రీల పోరాటంపై 1982లో చిత్రం తీశారు. హైదరాబాదులోని స్త్రీ శక్తి సంఘటనతో కలిసి 1983లో తెలుగులో ‘ఇది కథ మాత్రమేనా’ తీశారు. ఇంట్లో భర్త చేతిలో హింస అనుభవించే స్త్రీ బాధ అందులో విషయం. ఇలాంటి చిత్రాలను హాళ్లలో కాక సంఘాల సమావేశాల్లో వేసి, ఆట అయ్యాక చర్చ పెట్టేవారు.

నవ్రోజ్ 2023 జూన్‌లో రోడ్డు ప్రమాదంలో మరణించారు. ఆయన పట్టిన బొమ్మలను బెర్లిన్‌లోని ఆర్సెనల్ సంస్థ బాగుచేయించి భద్రపరిచింది.

నేడు ప్రతి జేబులోనూ కెమెరా ఉంది. గొడవ జరిగితే అర నిమిషం బొమ్మ ఊరూరా తిరుగుతుంది. దానికి ముందేం జరిగిందో, తర్వాత ఎవరి పొయ్యి వెలగలేదో అందులో ఉండదు. ఫోను పట్టే యువకులు ఆ ముందూ వెనుకా కూడా తీసి, తేదీ, స్థలం రాసి ఉంచితే రేపు పంచాయితీలోనైనా, కోర్టులోనైనా నిజం చెప్పడానికి అది పనికొస్తుంది.