కెటీనా: నేలల గొలుసు

విత్తువాని ఉపమానము మన పాఠశాలయందు నెరుగని బాలుడుండడు. విత్తువాడొక్కడే, విత్తనమును నొక్కటియే. ఐనను రాతినేలను పడినది మన్ను లోతు లేమిచే మొలచి యెండిపోయెను; మంచినేలను పడినది పంటకు వచ్చెను. ఆ యుపమానము మనుష్య హృదయములను గూర్చినది. కాని దానిని వినిన కాపులకు మరియొక సంగతి చెప్పకయే తెలిసియుండును. ఒక్క చేనిలోనే, ఒక్క విత్తువాడు నడచునంత మేరలోనే, నేల పలువిధములుగా నుండును. ఇట్లుండుటకు కారణమేమి? ఈ ప్రశ్నకు మృత్తికాశాస్త్రము చెప్పు సమాధానములో నొక చిన్న పదమున్నది. అదియే ‘కెటీనా’. ఈ పదము సామాన్య నిఘంటువులలో నరుదు. శాస్త్రము చదివినవారును దానిని తరచుగా పొరపాటుగా వాడుచున్నారు. కావున దాని యర్థమును, ప్రయోగమును మన నగరములోని జూబ్లీ హిల్స్ గుట్టల నాధారముగా గొని వివరింప దలచితిమి.

కెటీనా యనునది లాటిను పదము. గొలుసు అని దాని యర్థము. క్రైస్తవ వాఙ్మయమున నీ మాట ప్రాచీనమైనది. వేదవాక్యములపై పూర్వ వ్యాఖ్యాతలు చెప్పిన మాటలను వరుసగా కూర్చిన గ్రంథమునకు ఆ పేరు కలదు. 13వ శతాబ్దియందు తామస్ అక్వినాస్ పండితుడు నాలుగు సువార్తలపై నట్లు కూర్చిన గ్రంథమును ‘బంగారు గొలుసు’ అను నర్థమున కాటెనా ఆరియా యందురు. అందు గొలుసులోని కొలికి ఒక్కొక్క వ్యాఖ్యాత వాక్యము. మన శాస్త్రమున కొలికి ఒక్కొక్క నేల.

ఈ పదమును నేలలకు మొదట నన్వయించినవాడు జెఫ్రీ మిల్న్ అను నాంగ్లేయ శాస్త్రజ్ఞుడు. ఆయన నాటి టాంగన్యీకా దేశమున అమానీ యను చోట నున్న వ్యవసాయ పరిశోధనాలయమున పనిచేసెను. తూర్పు ఆఫ్రికా నేలల పటమును వ్రాయ బూనినపుడు ఆయనకొక చిక్కు కలిగెను. అచటి దేశము మిట్టపల్లములతో అలలు అలలుగా నుండెను. ప్రతి మిట్టపైనను ఎర్రనేల. ప్రతి పల్లమునను నల్లని జిగురు నేల. ఈ నల్లని పల్లములను అచటి ప్రజలు ‘ఎంబూగా’ యందురు. ఒక మిట్ట దిగి మరియొక మిట్ట యెక్కినచో ఆ నేలలే అదే వరుసలో మరల కనుపించెను. చిన్న పటముపై వాని నన్నిటిని వేరువేరు రంగులతో చూపుట యసాధ్యము. అందుచే ఆయన నేలలను విడివిడిగా గాక, వరుస నంతయు నొక్క ప్రమాణముగా గ్రహించి, 1935లో దానికి కెటీనా యని పేరిడెను. గొలుసు నిరుకొనల పట్టి వ్రేలాడదీసినపుడు అది రెండు మిట్టల నడుమ పల్లమువలె వంగును గదా! ఈ పేరు ఆ రూపమునకు మిక్కిలి తగియున్నది.

ఐనచో ఒక నేలల వరుసను కెటీనా యని పిలుచుటకు లక్షణములెవ్వి? మొదటిది, ఆ నేలలు మిట్టనుండి పల్లమువరకు ఒక్క వాలుపై నుండవలెను. రెండవది, వానికి పరస్పర సంబంధముండవలెను. అనగా పైనేలనుండి పోయినది క్రిందినేలకు చేరుచుండవలెను. మూడవది, ఆ వరుస ఆ ప్రాంతమున మరల మరల కనుపింపవలెను. కావున ఒక్క నేలను చూపి ‘ఇది కెటీనా’ యనుట తప్పు. నది తెచ్చిపోసిన ఒండ్రు ప్రక్కన నెర్రమిట్ట యున్నంత మాత్రముననే ఆ రెంటిని కెటీనా యనుటయు తప్పే. పొరుగున నుండుట వేరు, బంధుత్వము వేరు.

ఇక మన గుట్టలకు వత్తము. జూబ్లీ హిల్స్, ఫిల్మ్ నగర్ అనిన వెంటనే చదువరులకు చలనచిత్రముల వారి మేడలు జ్ఞప్తికి వచ్చును. కాని ఆ మేడలకు పునాదియైన రాయి సుమారు 250 కోట్ల సంవత్సరముల నాటిది. అది గ్రానైటు. అందు ముఖ్యముగా పలుగురాయి, ఫెల్డ్‌స్పారు, అభ్రకము కలవు. కాసు బ్రహ్మానందరెడ్డి జాతీయ వనములోనికి పోయి చూచినచో ఒకదానిపై నొకటి పేర్చినట్లున్న గుండ్రని బండలు కానవచ్చును. వాని నెవరును పేర్చలేదు. భూగర్భమున నున్నపుడే రాతి పగుళ్ల వెంట నీరు దిగి, మూలలను తినివేసి, గుండ్రముగా చేసెను; చుట్టునున్న మెత్తని భాగము వానలకు కొట్టుకొనిపోగా గుండ్లు మిగిలెను. ఇదియే మన గొలుసునకు మొదటి కొలికి: రాయి, దాని సందులలో పిడికెడు మన్ను. ఉపమానములోని రాతినేల యిదియే. సీతాఫలపు చెట్టువంటివి మాత్రమే యిచట బ్రదుకగలవు.

రెండవ కొలికి బండల క్రింది వాలు. ఇచట మన్ను జానెడో మూరెడో లోతుండును. గరుకుగా, రాళ్లతో కూడి, ఎర్రగా నుండును. దాని క్రింద మొరము, అనగా రాతి రూపము చెడకయే మెత్తబడి, గడ్డపారకు లొంగునట్టి పొర. మన్ను ఎరుపగుటకు హేతువు ఇనుము. వాననీరు వాలుపై నిలువక దిగిపోవుచు, కరుగదగిన సున్నము, సోడియము, మెగ్నీషియము, కొంత సిలికాను తనతో గొనిపోవును. కరుగని ఇనుము మిగిలి, గాలి సోకి, తుప్పువలె ఎర్రనగును. మూడవ కొలికి ఇంకను దిగువది. ఇచట ఎర్రమన్ను లోతు హెచ్చి, అడుగున బంకమన్ను చేరియుండును. తెలంగాణపు కాపులు చెల్క యని పిలుచు నేలలు ఈ రెండు కొలుకులకు చెందినవి.

నాలుగవది పల్లపు నేల. పైనుండి వాన మోసికొని వచ్చిన సన్నని రేణువులును, కరిగివచ్చిన లవణములును ఇచట చేరును. మన ప్రాంతమున వర్షము సంవత్సరమునకు సుమారు 80 సెంటీమీటర్లే యగుటచే, అవి పూర్తిగా కడుగుకొని పోవు. నీరు నిలుచుటచేతను, సున్నము మెగ్నీషియములు సమృద్ధిగా నుండుటచేతను ఇచట స్మెక్టైటు అను జాతి బంకమన్ను పుట్టును. ఇదియే తడిసిన ఉబ్బి, ఎండిన బీటలువారు నల్లరేగడి. కొన్ని చోట్ల రేగడి యంచున సోడియము చేరి చౌడు పుట్టును. ఒక్కటే రాయి, ఒక్కటే వాన. ఐనను మిట్టపై నెరుపు, పల్లమున నలుపు. ఈ భేదమునకు మూలము వాలుపై నీటి నడకయే.

ఇచట నొక సామాన్యమైన పొరపాటును సవరింపవలెను. రేగడి నల్లగా నుండుటకు అందు కుళ్లిన ఆకు అలము విస్తారముగా నుండుటయే కారణమని పలువురు తలతురు. నిజమునకు మన రేగళ్లలో సేంద్రియ కర్బనము సాధారణముగా నూటికొక పాలుకంటె తక్కువ. ఆ కొద్దిపాటియే బంకమన్నుతో గాఢముగా పెనవేసికొని నలుపు నిచ్చును.

ఫిల్మ్ నగర్ వారికి సులభముగా తెలియు నొక యుపమానము చెప్పుదుము. చలనచిత్రపు రీలునుండి యొక్క బొమ్మను కత్తిరించి చూచినచో కథ తెలియదు. అందొకడు చేయి యెత్తియుండును. కొట్టుటకో, దీవించుటకో ముందు వెనుక బొమ్మలు చూచినగాని తెలియదు. అట్లే ఒక్క గుంత త్రవ్వి ఆ నేలను పరీక్షించినవాడు దాని రంగును, లోతును చెప్పగలడు గాని, అది యట్లేల యయ్యెనో చెప్పజాలడు. పైనేలను, క్రిందినేలను చూచినవాడే దాని కథ చెప్పగలడు.

ఈ జ్ఞానము మిల్న్ పండితునితో పుట్టినదని మేము చెప్పబోము. పేరు ఆయనది, జ్ఞానము మాత్రము కాపులది. మన పూర్వులు మిట్టచెల్కలో సజ్జ, ఆముదము, కంది వేసిరి. వాలు చివర కట్టవేసి చెరువు నిలిపిరి. దాని క్రింది బంకనేలలో వరి పండించిరి. గొలుసు నెరుగనివాడు చెరువునకు చోటు నేర్పరింపజాలడు. జూబ్లీ హిల్స్ గుట్టల ప్రక్కన రాళ్ల నడుమ నున్న దుర్గము చెరువు కుతుబ్‌షాహీల కాలమున గోలకొండ కోటకు త్రాగునీ రొసగినది. మరియు మన ‘రేగడి’ యను మాటయే రూపుమారి ‘రీగర్’ అను పేర ఆంగ్ల భూగర్భశాస్త్ర గ్రంథములకెక్కినది. నేలను గూర్చి ప్రపంచమునకు మాట నిచ్చిన భాష మనది.

గుట్టలపై నీ గొలుసులోని పై కొలుకులను నేటికిని చూడవచ్చును. క్రింది కొలుకులు చాలవరకు వీధులకును కట్టడములకును అడుగున పడినవి. పొలములలో నెర్రనేలను నల్లనేలను చేరువ చేరువగా చూడగోరువారు పటాన్‌చెరువునకు పోవలెను. 1972లో అచట స్థాపింపబడిన అంతర్జాతీయ మెట్టపంటల పరిశోధనా సంస్థ ఇక్రిశాట్ క్షేత్రమున ఈ రెండును కలవు. అచటి యెర్రనేలకు పటాన్‌చెరు శ్రేణి యనియు, నల్లనేలకు కాసిరెడ్డిపల్లి శ్రేణి యనియు శాస్త్రజ్ఞులు పేర్లిడిరి. ‘శ్రేణి’ యనగా ఒక్క జాతి నేల. కెటీనా యనగా అట్టి పలు జాతుల వరుస. ఈ రెంటిని కలగలుపరాదు.

ప్రయోగమును గూర్చి మరియొక మాట. మిల్న్ పండితుడు రెండు విధములైన గొలుసుల నంగీకరించెను: వాలంతయు నొక్క రాతిపై నున్నది యొకటి, వాలుపై రాయియే మారునది మరియొకటి. అమెరికా వారు తరువాత ఈ పదమును కుదించి, మూలపదార్థ మొక్కటియై, నీరు దిగుటలో మాత్రము భేదించు నేలలకే వాడిరి. ‘టోపోసీక్వెన్సు’ అను మాటయు నిట్టి సందర్భముననే వినబడును. అది నేలలు భూమి యెత్తుపల్లములను బట్టి మారుటను మాత్రము తెలుపును. పైదానినుండి క్రిందికి పోవు రాకపోకలను కెటీనా మరింత స్పష్టముగా స్ఫురింపజేయును. తెలుగున దీనిని ‘నేలల గొలుసు’ అనినచో నర్థమంతయు వచ్చునని మా యభిప్రాయము.

ఇంతకు నొక మాటను గూర్చి యింత చర్చ యేల యని చదువరులు అడుగవచ్చును. సువార్తయందే వేరొక ఉపమానము కలదు. బుద్ధిమంతుడు బండపై నిల్లు కట్టెను. వాన కురిసి, వరదలు వచ్చినను అది పడలేదు. జూబ్లీ హిల్స్ మేడలు అట్టి బండపై నున్నవే. కాని ఆ బండపై పడిన వాన యెచటికి పోయెను? పూర్వము అది మొరములోనికి మెల్లగా నింకి, దిగువ బావులకు నెలల తరబడి ఊటయై చేరెడిది. మొరమును త్రవ్వివేసి, వాలును సిమెంటుతో కప్పినచో ఆ నీరు గడియలో పల్లమునకు పరుగిడును. పల్లములోని బంకనేల దానిని త్వరగా మ్రింగజాలదు. అచటి పూర్వపు చెరువులు కుంటలు పలుచోట్ల ఇండ్ల స్థలములైనవి. 2020 అక్టోబరు 13, 14 తేదీలలో కురిసిన కుంభవృష్టికి తోలిచౌకీ మొదలగు పల్లపు ప్రదేశములలో జనుల యిండ్లు నీట మునిగెను. నాటి వాన అసాధారణమైనదే. ఆ వరదకు కారణములు పెక్కులు. ఐనను వానను ఇంకించుకొను పొర లోపించిన చోట వరద హెచ్చునని చెప్పుటకు గొప్ప పాండిత్య మక్కరలేదు. పల్లపు రేగడిపై కట్టిన యింటికి వరద రానియేడును సుఖము లేదు. నేల వానకు ఉబ్బి, వేసవికి కుంచించుకొని, గోడలను పగుల్చును.

బండపై నిల్లు కట్టుకొనుట వివేకమే. కాని తన పైకప్పుమీది వాన యెవని యింటిలోనికి పోవునో విచారించుట కూడ వివేకములోని భాగమే. నీ పొరుగువాని ప్రేమింపుమను ఆజ్ఞలో పొరుగువాడు ప్రక్కవాడు మాత్రమే కాడు, క్రిందివాడును పొరుగువాడే. కెటీనా యను మాట ఈ సంగతిని నేల పక్షమున చెప్పుచున్నది. తన మిట్టపై ఇంకుడు గుంత త్రవ్వినవాడు, చెట్టును నిలిపినవాడు, మొరమును కదల్పక విడిచినవాడు, తానెన్నడు చూడని యొక యింటిని కాపాడుచున్నాడు.

విద్యార్థులారా! ఈసారి గుట్టపై నెచటనైన పునాది త్రవ్వుచుండుట చూచినచో, దూరమునుండియే కొంచెము నిలిచి ఆ గోడవంటి మంటి యంచును పరికింపుడు. పైన ఎర్రమన్ను, దానిక్రింద మొరము, అడుగున రాయి కానవచ్చును. అట్లు చూచి, ఆ వాలు వెంట దిగువకు నడచి, నీరెచట నాగునో కనుగొనుడు. మీ తాతలు సేద్యము చేసినవారైనచో, వారి యూరిలో చెల్క యేది, రేగడి యేది, చౌడేది, చెరువెచట నుండెనో అడిగి వ్రాసికొనుడు. గ్రంథములలో నింకను కెక్కని కొలుకులు వారి నోట మీకు దొరకవచ్చును.